గీతకు అడ్డమొచ్చిన ఇల్లు

మౌస్‌ను బల్ల మీద నుంచి ఒకసారి ఎత్తి, మళ్ళీ మెల్లగా దించి, కవిప్రియ రోడ్డు గీయడం మొదలుపెట్టింది.

రెడ్డియార్‌పాళయం మెయిన్ రోడ్డు మీద, మందుల షాపుకూ సైకిల్ షాపుకూ నడుమ ఇరుక్కున్న చిన్న గది అది. గుణశేఖర్ నడిపే జిరాక్స్, జాబ్ టైపింగ్ సెంటర్. లోపల రెండు కంప్యూటర్లు, ఒక జిరాక్స్ మిషను, గోడ పొడుగునా దారానికి వేలాడే శుభలేఖల నమూనాలు. బయట బస్సు ఆగినప్పుడల్లా గాజు తలుపు సన్నగా వణుకుతుంది. కవిప్రియ కంప్యూటర్ పక్కన ఒక ప్లాస్టిక్ స్టూలు ఉంది. శుభలేఖ వేయించుకోవడానికి వచ్చినవాళ్ళు దాని మీద కూర్చుని, తెర మీద వేలు ఆనించి, ఇక్కడ, కాదు అక్కడ, అని చెబుతూ ఉంటే ఆమె గీస్తుంది. మాట్లాడేది వాళ్ళు, కదిలేది ఆమె చెయ్యి. ఎవరితోనూ ఎక్కువ మాట్లాడలేని పిల్లకు అంతకంటే హాయైన కొలువు దొరకదు.

ఈవేళ స్టూలు మీద కూర్చున్నది సుబ్బరాయలు. మూలకుళంలో తరతరాలుగా సేద్యం చేసిన ఇంటి పెద్ద. ఆ సేద్యపు నేలలోనే ఇప్పుడు ప్లాట్లు పడ్డాయి, ఒక ప్లాటులో ఆయన కొత్త ఇల్లు లేచింది. తమిళుల ఆవణి మాసంలో గృహప్రవేశం. కాలనీలో వీధులకు ఇంకా పేర్లు పెట్టలేదు గనుక, పత్రిక వెనక దారి చూపే పటం లేకపోతే చుట్టాలు మూలకుళంలోనే చుట్టూ తిరిగి ఇళ్ళకు వెళ్ళిపోతారని ఆయన భయం.

"మెయిన్ రోడ్డు కాడ్నుంచి ఎత్తుకున్నావా పాపా?"

"ఎత్తుకున్నా తాతా."

"ఇప్పుడు కుడి పక్కకి మళ్ళు. ఆడ పాత పంపుసెట్టు రూము ఉంటాది. దాన్ని దాటుకోని నేరుగా పో. పో... పో... ఆ, నిలబడు! ఇప్పుడు ఎడమకి వొంగు."

ఎద్దులను తోలినట్టే ఆయన ఆమె చేతిని తోలుతున్నాడు. కవిప్రియకు లోపల నవ్వొచ్చింది. ఆయన ఆగమన్న ప్రతిచోటా మౌస్ ఒకసారి నొక్కుతూ, వంగమన్న చోట వంచుతూ, చివర రెండుసార్లు టకటక నొక్కి గీతను ముగించింది. తరువాత ఆ సన్నని గీతను రెండు గీతల స్టైలులోకి మార్చింది. అంతే, గీత కాస్తా రోడ్డయింది.

"నడుమ ఎందుకు తాతా వొంగుతాది ఈ రోడ్డు?" అని అడిగింది. గీసే ప్రతి వంపుకూ కారణం తెలుసుకోవాలనే కుతూహలం ఆమెది. అడిగే ధైర్యం మాత్రం ఎప్పుడో కాని రాదు.

"ఆడ అంబుజం ఇల్లు అడ్డం గద. బాట దాన్ని చుట్టుకోని వస్తాది." దారిలో ఒక బండరాయి ఉందన్నట్టుగానే చెప్పాడాయన.

రోడ్డు చివర ఒక చతురస్రం పెట్టి, గేటుకు గుర్తుగా దాని ముందుగోడ మీద చిన్న గాటు పెట్టింది. లోపల 'మన ఇల్లు' అని, ఆ ఊళ్ళో అందరూ చదివే తమిళంలో టైపు చేసింది. సుబ్బరాయలు కళ్ళజోడు తీసి, పంచె అంచుతో తుడిచి, మళ్ళీ పెట్టుకుని చూశాడు. చూసి, స్టూలు వెనక్కి జరిపాడు.

"ఏంది పాపా ఇది! రోడ్డు వచ్చి వచ్చి నా ఇంటి మూతి మీద కొడతా ఉండాది!"

"మీరు చెప్పినట్టే గీసినా తాతా."

"గీసినావు, కాదనలే. దినామూ నడిచే బాటే. కానీ పైనుంచి చూస్తే గద కనపడేది. వీధిపోటు! ఈ కార్డు పంచితే నా పెండ్లాం భాగ్యం అన్నదమ్ములు విస్తరాకు ముందర కూర్చోకముందే పంచాయతీ పెడతారు."

జిరాక్స్ మిషను దగ్గరి నుంచి గుణశేఖర్ తల తిప్పాడు. "పెద్దాయనా, వీధిపోటు నేల మీద ఉంటే దోషం. పేపరు మీద ఉంటే కూడానా?"

"నవ్వొద్దప్పా. మొదటి కార్డుకి నాలుగు మూలలా పసుపు పెట్టి పెరుమాళ్ ముందర పెట్టేదా, లేదా? పూజలో పెట్టిన కార్డులో దోషం ఉంటే ఇంట్లో ఉన్నట్టే లెక్క." ఆయన మళ్ళీ తెర వైపు తిరిగాడు. "ఆ వంపు తీసెయ్ పాపా. నేరుగా పోతే రోడ్డు ఇంటి పక్కగా పోతాది, మూతికి తగలదు. వచ్చేవాళ్ళు ఎట్లాగూ కండ్లతో చూసుకోనే వస్తారు."

మొత్తం మళ్ళీ గీయాలి కాబోలనుకుంది కవిప్రియ. గీతను చెరిపేద్దామని కుడి మీట నొక్కితే ఒక పట్టిక విచ్చుకుంది. అందులో 'ఎడిట్ పాయింట్స్' అనే మాట ఎన్నిసార్లు చూసి దాటిపోయిందో ఆమెకే తెలియదు. ఈసారి ఎందుకో దాటబుద్ధి కాలేదు. నొక్కింది.

రోడ్డు పొడుగునా చిన్నచిన్న నల్లని చుక్కలు లేచాయి.

తాను మౌస్ నొక్కిన చోటల్లా ఒక చుక్క. గీయడం అయిపోయి, గీత స్థిరపడిపోయినా, చెయ్యి ఎక్కడెక్కడ ఆగిందో ఆ గీతకు జ్ఞాపకం ఉంది. కవిప్రియ ఊపిరి బిగబట్టి ఒక చుక్కను పట్టి లాగింది. రోడ్డు దారంలా సాగివచ్చింది. వదిలితే నిలిచింది. మళ్ళీ ఇటు లాగితే ఇటు వచ్చింది. సుబ్బరాయలు కూడా మోకాళ్ళ మీద చేతులు ఆనించి ముందుకు వంగాడు. ఇద్దరూ కాసేపు పత్రిక మాటే మరిచిపోయారు.

"ఆ వంపులో ఉండే చుక్కని నొక్కి చూడు పాపా, ఏం చేస్తాదో."

నొక్కింది. 'డిలీట్ పాయింట్' అని వచ్చింది. అదీ నొక్కింది. గుంజ పీకేస్తే బిగుసుకునే తాడులా రోడ్డు ఒక్కసారిగా నిటారయింది.

"అడే! యాడ నేర్చుకున్నావు ఈ విద్య?"

"ఇప్పుడే తాతా, మీ ముందరే," అంది కవిప్రియ, సిగ్గుతో, సంతోషంతో.

ఆయన నమూనా కాగితం మడిచి జేబులో పెట్టుకుని వెళ్ళిన తరువాత కూడా ఆమె వేళ్ళు ఊరుకోలేదు. మరో శుభలేఖకు గీసిన కలశం పొట్టను ఉబ్బించింది. మామిడాకు కొసను వంచింది. చుక్కలు చేర్చింది, తీసింది. తీసిన ప్రతిసారీ ఒక వింత గమనించింది. చుక్క పోయిన చోట ఖాళీ మిగలదు. అటూ ఇటూ ఉన్న రెండు చుక్కలు వెంటనే చేతులు కలుపుకుంటాయి, నడుమ ఎప్పుడూ ఏదీ లేనట్టుగా.

"ఏమే కవీ, మూతపెట్టే వేళయింది. మౌస్ చేతిలో ఉంటే నీకు లోకం పట్టదు," అన్నాడు గుణశేఖర్ తాళంచెవులు ఆడిస్తూ.

మరునాడు పొద్దున్నే సుబ్బరాయలు వచ్చాడు. మొహం కళకళలాడుతోంది. నమూనా అందరికీ నచ్చింది. భాగ్యమ్మ పత్రికను కళ్ళకు అద్దుకుని, తప్పు ఒక్కటీ లేదన్నది. అచ్చుకు ఇచ్చేయమని చెప్పి, స్టూలు దగ్గరగా లాక్కుని, గొంతు తగ్గించాడు.

"ఇంకో పని ఉండాది పాపా. ఆ పటం ఒకటే, పెద్దదిగా, తెల్ల పేపరు మీద వేసి ఇయ్యాల. మునిసిపాలిటీకి అర్జీ పెడతావుండా. మా బాటకి ఈ సారి తారు పోస్తారంట. అర్జీతో స్కెచ్చు కూడా ఉండాలన్నారు."

"వంపుతోనా తాతా?"

"అదే గద సంగతి! నిన్న నువ్వు సుమ్మా, ఊరికే ఒక చుక్క తీసినావు, రోడ్డు నేరుగా అయిపాయె. ఇంటికి పోయినా అదే కండ్లలో ఆడతా ఉండింది. పేపర్లో అయ్యేది నేల మీద కాదా? వీధిపోటు కార్డులో పోతే చాలునా, ఇంటికే పోవాల గద. తారు పోసేటప్పుడే నేరుగా పోయించేస్తే పీడ వదులుతాది. ఆ అంబుజం ఇంటికి పట్టా లేదు. పొరంబోకు. అడిగేవాళ్ళు యావరూ లేరు."

మరి ఆమె ఎక్కడికి పోవాలి తాతా?

ఆ మాట కవిప్రియ గొంతు దాకా వచ్చింది. అక్కడే తడబడి, ఆగి, మరో మాటగా మారి బయటికి వచ్చింది. "ఎంత పెద్దదిగా కావాల తాతా?"

"పేపరు ఎంత ఉంటే అంత. గురువారం వస్తా. నిదానంగా గీయి, తొందరలేదు." ఆయన ఆమె తల మీద చెయ్యి పెట్టి, నిజంగానే ఆప్యాయంగా నిమిరి వెళ్ళాడు.

గుణశేఖర్ జిరాక్స్ కాగితాలు దులుపుతూ చూశాడు. "ఏంది, మొహం అట్లా పెట్టుకున్నావు?"

"అన్నా, ఆ చుక్క తీసింది నేను."

"తీసినావు. అయితే? మనం గీసేవాళ్ళం, రోడ్డు వేసేవాళ్ళం కాదు. నువ్వు తీయకుంటే బస్‌స్టాండు పక్కనుండే షాపులో తీస్తారు. వాడైతే ఇంకా తప్పుగా తీస్తాడు."

ఆమె కంప్యూటర్ వైపు తిరిగింది. పెద్ద కాగితం మీద తిన్నని రోడ్డు ముద్రణ ఒకటి తీసి, ఆరనిచ్చి, చుట్టి సంచిలో పెట్టుకుంది. ఆ సాయంకాలం షాపు మూసిన తరువాత ఇంటికి వెళ్ళే బస్సు వదిలేసి, ఎదురు దిక్కున మూలకుళం పోయే బస్సు ఎక్కింది. కల్యాణమండపాలకూ కొత్త ఇళ్ళకూ ఎన్నో దారులు గీసిన చెయ్యి ఆమెది. తాను గీసిన దారుల్లో ఒక్కదాని మీద కూడా ఇంతవరకూ నడవలేదన్న సంగతి బస్సులో కూర్చున్నప్పుడు ఆమెకు తట్టింది.

బస్సు దిగి కుడివైపు మళ్ళింది. పంపుసెట్టు గది కనిపించింది. తెర మీద తాను గీసినప్పుడు అది ఒక చదునైన డబ్బా. ఇక్కడ దానికి తలుపు లేదు, లోపల ఒక మేక తాపీగా నెమరేస్తూ పడుకుంది. ఆ తరువాత నేరుగా. పో... పో... అన్న సుబ్బరాయలి గొంతు చెవిలో వినిపిస్తోంది. ఎర్రమట్టి బాట, బండి చక్రాల జాడలు, ఇటూ అటూ పాతిన ప్లాటు రాళ్ళు. అంతలో బాట వంగింది.

చంటిబిడ్డను చంకనేసుకున్న తల్లి నడుము ఒకవైపు ఒరిగినట్టు, అంత సహజంగా, ఆ ఇంటికోసం బాట ఒరిగింది. మట్టిగోడలు, పైన కొబ్బరాకు కప్పు, వాకిట్లో రెండు కొబ్బరి చెట్లు. వాకిలి నిండా నీళ్ళలో నానబెట్టి తీసిన కొబ్బరి మట్టలు. వాటి నడుమ, ఒక మట్ట తొడిమను బొటనవేలి కింద తొక్కిపట్టి, ఒక ఆడమనిషి ఆకులను పైకీ కిందికీ దాటిస్తూ అల్లుతోంది. ఆకుకు ఆకు తగిలిన చప్పుడు తప్ప అక్కడ మరో చప్పుడు లేదు.

"యావరు కావాల పాపా?" అని అడిగింది ఆమె, చేతులు ఆపకుండానే.

"యావరూ వద్దు అత్తా. సుమ్మా... రోడ్డు చూడను వచ్చినా."

అంబుజం చేతులు ఆగిపోయాయి. ఆ పిల్లను పైనుంచి కిందిదాకా చూసి పకపకా నవ్వింది. "రోడ్డు చూడనా? ఈ గుంతల్ని చూడనా బస్సెక్కోని వచ్చినావు? బీచ్ రోడ్డుకి పోరాదా తల్లీ, ఆడైతే పక్కన సముద్రమన్నా ఉంటాది."

కవిప్రియకూ నవ్వొచ్చింది. నవ్విన తరువాత నిలబడి ఉండటం కష్టమై, మట్టల పక్కన కూర్చుంది.

"ఇవన్నీ యావరికి అత్తా?"

"పెద్దాయన ఇంటికి. గృహప్రవేశానికి కీతు పందిలే వేయాలంట, గుడ్డ పందిలి వద్దంట. కీతు కింద అయితే చల్లగా ఉంటాది గద, వచ్చినోళ్ళు నిదానంగా తింటారు." అల్లిన కొబ్బరాకు కీతులు గోడ పక్కన వరసగా పేర్చి ఉన్నాయి. "చేతులు ముడుచుకోని కూర్చున్నావే, ఆ మట్ట ఇట్లా తోయ్. అల్లను వస్తాదా?"

"రాదు."

"రాకపోతే ఏం, వస్తాది. ఒకదాని పైన, ఒకదాని కింద. అంతే."

కవిప్రియ అల్లింది. పైన, కింద, పైన, కింద. తడి ఆకు వేళ్ళను కోసీ కోయనట్టు తాకుతోంది. కొంత దూరం పోయేసరికి వరస చక్కగానే కనిపించింది. అంబుజం ఒంగి చూసి నాలుక చప్పరించింది.

"ఈడ ఒకటి వదిలిపెట్టినావు."

"కనపడడమే లేదే అత్తా?"

"ఇప్పుడు కనపడదు. వాన పడితే కింద కూర్చున్నోడికి తెలుస్తాది," అని, ఆ వరస విప్పేసి మళ్ళీ చేతికిచ్చింది. అప్పుడే ఆమె చూపు సంచిలోంచి బయటికి పొడుచుకొచ్చిన కాగితపు చుట్ట మీద పడింది. "ఏందది?"

"పెద్దాయన ఇంటికి దారి అత్తా. పటం."

"యాడ, చూపీ."

ఇవ్వకుండా ఉండటానికి కవిప్రియకు ఒక్క సాకు కూడా తోచలేదు. అంబుజం చీరకు చేతులు తుడుచుకుని, కాగితాన్ని ఒడిలో పరుచుకుంది. రాత ఆమెకు రాదు. అయినా వేలు ఆనించగానే దారి దొరికింది. "ఇది మెయిన్ రోడ్డా? ఇది పంపుసెట్టు. అమ్మాడి, ఎంత బాగా గీసినారు! ఇది పెద్దాయన ఇల్లు, కొత్త ఇల్లు గద, డబ్బా మాదిరే ఉండాది." వేలు వెనక్కి వచ్చింది. పంపుసెట్టు నుంచి మళ్ళీ బయలుదేరి, నేరుగా నడిచి, సుబ్బరాయలి ఇల్లు దాటి, ఆగి, మళ్ళీ వెనక్కి వచ్చింది. రెండు మూడు మార్లు అలాగే నడిచింది. తడి ఇంకా ఆరని వేలు గీత మీద సన్నని మరక చేసింది.

"నా ఇల్లు యాడ పాపా?"

కవిప్రియ పెదవులు కదిలాయి. రోడ్డు నేరుగా వేస్తారంట అత్తా. నీ ఇంటి మీదుగా. ఆ రోడ్డు గీసింది నేనే. మూడు ముక్కలు. మూడూ నోట్లోనే ఉండిపోయాయి.

అంబుజమే సర్దిచెప్పింది. "చిన్న ఇల్లు గద. పేపర్లో పట్టి ఉండదు. పోనీలే." అని కాగితాన్ని జాగ్రత్తగా చుట్టి ఇచ్చి, తరువాతి మట్టను బొటనవేలి కింద తొక్కిపట్టింది.

గురువారం కవిప్రియ అందరికంటే ముందే షాపుకు వచ్చింది. గుణశేఖర్ తలుపు తీసేదాకా మెట్ల మీద కూర్చుని, తీయగానే పనిలోకి దిగింది. రోడ్డు జోలికి పోలేదు. ఆయన కోరినట్టే దాన్ని తిన్నగా ఉండనిచ్చింది. తాను కళ్ళతో చూసినవన్నీ ఒకటొకటిగా దాని చుట్టూ గీసింది. పంపుసెట్టు గదికి తలుపులేని గుమ్మం పెట్టింది. ప్లాటు రాళ్ళు పెట్టింది. చివరికి ఒక చిన్న డబ్బా, దాని మీద త్రికోణపు కప్పు, పక్కన రెండు చెట్లు. ఆ డబ్బా ఉండవలసిన చోట పెడితే సరిగ్గా రోడ్డు మీద పడింది. దాన్ని గీత కిందికి తోయనూవచ్చు, గీత పైకి తేనూవచ్చు. పైకి తెచ్చింది. తిన్నని రోడ్డు నట్టనడుమ ఇల్లు నిలబడింది.

సుబ్బరాయలు గొడుగు తలుపుకు ఆనించి, స్టూలు మీద కూర్చుని, కళ్ళజోడు సర్దుకున్నాడు.

"ఏంది పాపా, రోడ్డు నడుమ డబ్బా?"

"అంబుజం అత్త ఇల్లు తాతా."

"అది నాకు తెలియదా? రోడ్డు నేరుగా కావాలని గద చెప్పినా."

"రోడ్డు నేరుగా పోతే ఇల్లు ఆడనే గద తాతా ఉండేది." ఆమె గొంతు ఆమెకే కొత్తగా వినిపించింది. "నేను పోయి చూసినా."

జిరాక్స్ మిషను ఆగింది. గుణశేఖర్ ఆపాడు.

"పోయి చూసినావా! నిన్ను యావరు పొమ్మన్నారు?"

"యావరూ పొమ్మనలే."

ఆయన ఆమె వైపు ఒక క్షణం వింతగా చూసి, విసుగ్గా చెయ్యి ఊపాడు. "సరి, సరి. చూసినావు గద, ఇప్పుడు దాన్ని తీసెయ్."

కవిప్రియ తెర మీది మౌస్ బాణాన్ని ఆ డబ్బా మీదికి తీసుకుపోయి నొక్కింది. చుట్టూ చిన్నచిన్న వలయాలు లేచి ఇంటిని పట్టుకున్నాయి. ఇక ఒక్క మీట. వేలు ఆ మీట మీదే ఉంది. వేలు కిందికి దిగలేదు.

"నాకు చెయ్యి రావడం లేదు తాతా," అంది మెల్లగా. డబ్బా మీద పట్టు వదిలించి, మౌస్‌ను ఆయన వైపు జరిపి, కుర్చీలోంచి లేచి పక్కకు నిలబడింది. "మీరే తీసేయండి."

"కవీ!" గుణశేఖర్ గబగబా వచ్చాడు. "పెద్దాయనా, మీరుండండి, నేను తీసిస్తా—"

"ఎందుకప్పా, నాకు చేతకాదా? ట్రాక్టరు తోలినవాడికి ఈ ఎలక ఒక లెక్కా?" పౌరుషం పొడుచుకొచ్చి సుబ్బరాయలు కుర్చీలోకి మారాడు. తాపీ పట్టినట్టు మౌస్‌ను పిడికిట పట్టాడు. బాణం ఎగిరి తెర మూలకు పోయి దాక్కుంది. "యాడికి పాయె అది?" గుణశేఖర్ నవ్వు ఆపుకున్నాడు. బాణం కిందికి దిగింది, మెయిన్ రోడ్డు దాటింది, పంపుసెట్టును గుద్దుకుంది, అంబుజం ఇంటి చుట్టూ ఊగిసలాడి ముందుకు దొర్లింది. ఆయన నొక్కాడు. వలయాలు లేచాయి.

"ఏ మీట?"

"డిలీట్ అని ఉండేది తాతా."

మీట మీద చూపు నిలిపి, చూపుడువేలితో, గోడలో మేకు దించినట్టు గట్టిగా నొక్కి, తల ఎత్తాడు.

రోడ్డు అలాగే ఉంది. అంబుజం ఇల్లు రోడ్డు నడుమ అలాగే నిలబడి ఉంది. రోడ్డు చివర మాత్రం ఏమీ లేదు. తెల్లని కాగితం తప్ప అక్కడ మరేదీ లేదు.

"నా ఇల్లు," అన్నాడు సుబ్బరాయలు.

"అది సుమ్మా బొమ్మే పెద్దాయనా—" గుణశేఖర్ మొదలుపెట్టాడు కాని, ముసలాయన మొహం చూసి ఆపేశాడు. ఆ మొహంలో నెత్తురు లేదు. పసుపు పెట్టిన పత్రిక ఆయన ఇంట పెరుమాళ్ పటం ముందు ఉంది. ఇక్కడ ఆయన చేత్తోనే, గృహప్రవేశం కాకముందే, ఇల్లు మాయమైంది.

"తీసుకురా పాపా. యాడికి పోయిందో తీసుకురా."

కవిప్రియ ఆయన భుజం మీదుగా వంగి రెండు మీటలు కలిపి నొక్కింది. ఇల్లు వచ్చింది, అదే చోట, అదే గేటుతో. ఆయన బొటనవేలు తెర మీద పెట్టి, పూత పచ్చి ఆరిందో లేదో చూసినట్టు, ఆ డబ్బాను తడిమాడు.

"చూసినావా గుణా," అన్నాడు చివరికి. "చప్పుడు కూడా రాలే."

సుబ్బరాయలు చూపు తన ఇంటి మీద నుంచి మెల్లగా వెనక్కి నడిచి, త్రికోణపు కప్పున్న డబ్బా దగ్గర ఆగింది. "ఆ అమ్మ మా పందిలికి కీతు అల్లతా ఉండాది," అన్నాడు, ఎవరితోనో తెలియకుండా.

"అవును తాతా. నేను కూడా ఒకటి అల్లినా. సరిగ్గా రాలే."

ఆయన తిరిగి చూశాడు. ఇన్ని రోజులూ ఆమె చేతులనే చూసినవాడు ఇప్పుడు మొహం చూశాడు. లేచి, తన స్టూలు మీదికి తాను పోయి కూర్చున్నాడు. "ఆ వంపు మళ్ళా వస్తాదా?"

"వస్తాది."

కుర్చీలో కూర్చుని చుక్కలు లేపింది. తిన్నని గీత మీద ఒకచోట నొక్కితే కొత్త చుక్క పుట్టింది. దాన్ని పట్టుకుని ఇంటి చుట్టూ మెల్లగా లాగింది. రోడ్డు ఒరిగింది. ఇంటిని దాటి, మళ్ళీ నిటారై, మునుపటిలాగే సుబ్బరాయలి గేటు మీదికి ఉరికింది.

"మళ్ళా మూతి మీదికే వచ్చె!" అని ఆయన నుదురు కొట్టుకున్నాడు. కొట్టుకున్న చెయ్యి నుదుటి మీదే ఆగింది. "పాపా, ఇల్లు తిరుగుతాదా దీంట్లో?"

కవిప్రియకు తెలియదు. డబ్బాను నొక్కి పరిశీలనగా చూసింది. దాని నెత్తిన, సన్నని కాడ చివర, పచ్చని చుక్క ఒకటి ఉంది. అదెందుకో ఎప్పుడూ పట్టించుకోలేదు. పట్టుకుని పక్కకు లాగింది. ఇల్లు గిర్రున కదిలింది.

"ఆ! నిదానం, నిదానం! ఇంకా కొంచెం... అట్లా. గేటు తూర్పు గోడకి రానీ. నిలబడు." ఇల్లు తిరిగి నిలిచింది. రోడ్డు ఇప్పుడు ఇంటి మూతికి కాక ఉత్త గోడ అంచును తాకి, పక్కగా ఒదిగి, గేటు చేరింది. ఆయన తల పంకించాడు. జేబులోంచి సెల్‌ఫోన్ తీసి, కళ్ళకు దూరంగా పట్టుకుని నంబరు నొక్కి, అవతలివాడికి నేరుగా వినిపించేంత గట్టిగా అందుకున్నాడు. "నాగరాజన్ మేస్త్రీ! గేటు స్తంభాలకి పూత అయిపోయిందా? ... అయితే పగలగొట్టు. తూర్పు గోడలో పెట్టు... అవును, పగలగొట్టనే చెప్తావుండా. నిన్న లేని బుద్ధి ఈ పొద్దు వచ్చిందనుకో!"

ఫోను జేబులో వేసి, మొహం తుడుచుకున్నాడు. "మునిసిపాలిటీకి ఇదే ఇస్తా. సుమ్మా డబ్బాలు ఉంటే వాళ్ళకి ఏం తెలుస్తాది, పేర్లు రాయి."

ఆమె ఆయన ఇంట్లో 'ఎస్. కె. సుబ్బరాయలు' అని టైపు చేసింది. బాణం రెండో ఇంటికి పోయింది. 'అంబుజం' అని కొట్టి, ఆగింది.

"ఇనిషియల్ తాతా? మొగుడి పేరులో మొదటి అక్షరం?"

ఆయన వేళ్ళు మడిచి ఏదో గుర్తు తెచ్చుకోబోయాడు. "మొగుడు మా చేన్లోనే నీళ్ళు కట్టేవాడు. అందరమూ వాణ్ణి నీళ్ళోడు, నీళ్ళోడు అనే..." మాట సగంలో తెగిపోయింది. సాయం కోసం అన్నట్టు గుణశేఖర్ వైపు చూశాడు. గుణశేఖర్‌కు ఎలా తెలుస్తుంది?

"ఇనిషియల్ లేకుండానే వేసేద్దాం పెద్దాయనా. ఏం పోతాది?"

"వద్దప్పా. ఇనిషియల్ లేకుంటే ఆఫీసులో, యావరో ఒక అంబుజం అనుకోని పక్కన పెట్టేస్తారు." సుబ్బరాయలు లేచి గొడుగు అందుకున్నాడు. "నువ్వు ఉండు పాపా. పోయి అడుక్కోని వస్తా."

"ఇంత ఎండలోనా? మేస్త్రికి ఫోను చేసి అడగమనండి."

"వాడికెందుకు? నేనే అడగాల," అని ఆయన తలుపు తోసుకుని వెళ్ళిపోయాడు. గాజులోంచి చూస్తే, రోడ్డు దాటి మూలకుళం బస్సు ఆగే వైపున, మూసిన గొడుగు మీద రెండు చేతులూ ఆనించి నిలబడ్డాడు.

కవిప్రియ తెర వైపు తిరిగింది. పేరుకు ముందు ఒక అక్షరానికీ ఒక చుక్కకూ చోటు విడిచింది. ఆ చోటులో కర్సర్ వెలుగుతూ ఆరుతూ నిలబడింది. ఇంతలో చెవులు కుట్టే పండుగ పత్రిక కోసం ఒకాయన వచ్చి, స్టూలు మీద కూర్చుని, ఈ ఫైలు మూసి తనది మొదలుపెట్టమన్నాడు.

"కొంచెం ఉండండి సార్," అంది కవిప్రియ. "ఇది ఇంకా కాలేదు."